వ్యాను పెట్టే చోట మరక

షెడ్డు వైపు నుంచే మొదలుపెట్టాను. వదిన జారిపడింది గేటు దగ్గర, మరక పెద్దగా ఉన్నదీ గేటు దగ్గరే, బుద్ధున్నవాడెవడైనా అక్కడే మొదలుపెడతాడు. నేను మాత్రం బకెట్టు, సబ్బుపొడి, గట్టి బ్రష్షు అన్నీ మోసుకుని తిన్నగా షెడ్డులో నా కారు దగ్గరికొచ్చి, ముందు చక్రం పక్కనుంచి బయల్దేరి తారు మీద సన్నగా జారుకుంటూ పోయిన గీత ఉంది చూడండి, దాని మీద మోకాళ్ళేశాను. ముందు ఇది పోవాలి. ఇది పోతే గేటు దగ్గర మరక ఒంటరిదైపోతుంది. వ్యాను పెట్టే చోట మరక, వ్యానుదే మరక, అంతే, ఇంకెవరికీ సంబంధం లేదు. ఎంత తెలివో, తొమ్మిదో తరగతి తప్పినవాడికి ఇంత తెలివి ఎక్కణ్ణించి వచ్చిందో. రుద్దుతున్నాను. నురగ తెల్లగా లేచి కాసేపటికి టీ రంగుకి తిరుగుతోంది. రోడ్డు మీద వెళ్ళేవాళ్ళు గేట్లోంచి చూసి, పాపం పెద్దమనిషి, వదిన పడిపోయిందని ఇల్లంతా కడుగుతున్నాడు అనుకుంటూ పోతున్నారు. అదే కదా నా ఖర్మ, జనం నా గురించి ఎప్పుడూ మంచే అనుకుంటారు.

అన్నయ్య ఈ తారు వేయించినప్పుడు మేస్త్రీ వెనకాలే తిరిగి ఒకటే పోరు పెట్టాడు, వాన నీళ్ళు నిలవకూడదయ్యా, షెడ్డు నుంచి గేటు దాకా వాటం ఉండాలి అని. వాటం బ్రహ్మాండంగా కుదిరింది. నీళ్ళకే కాదు, ఆయిలుకి కూడా. నిన్న సాయంత్రం నా కారుకి నేనే ఆయిలు మార్చాను. రాత్రి ఓ జల్లు పడింది. నా కారు కింద ఎక్కడో కారిన ఆయిలు ఆ తడి మీద తీరిగ్గా నడుచుకుంటూ వెళ్ళి, గేటు దగ్గర కాస్త పల్లం ఉంటే అక్కడ, వ్యాను కింద, సొంత ఇంట్లో కూర్చున్నట్టు కూర్చుంది. తెల్లారకుండానే మేడమీద గదిలో ఉండే స్కూలు వ్యాను డ్రైవరు బండి తీసుకుని వెళ్ళిపోయాడు, చీకట్లో అతను కింద ఏం చూస్తాడు. ఆ తర్వాత వదిన చెత్తబుట్ట గేటు బయట పెట్టడానికి వెళ్ళింది. నేను పళ్ళు తోముకుంటున్నాను. చప్పుడు వినపడింది. బుట్ట దొర్లిన చప్పుడు ముందు, తర్వాత వదిన గొంతు, అరుపు కాదు, "అయ్యో" అని చాలా నెమ్మదిగా, చేతిలోంచి గ్లాసు జారిపోతే అంటామే అలా. ఆ నెమ్మదే నా చెవిలో ఉండిపోయింది. కుడి మణికట్టు మీద పడింది. చెయ్యి తిరగకూడని వైపు తిరిగి ఉంది.

అన్నయ్య మంచివాడే, కాకపోతే కోపం వచ్చినప్పుడు ఎదురుగా ఎవరో ఒకరు ఉండాలి. మా ఆవిడ వదినని పట్టుకుని ఆటో కోసం వీధిలోకి తీసుకెళ్తుంటే అన్నయ్య అక్కడే నిలబడి ఆ మరక వంక చూసి, "ఇది వ్యానుది కాదూ? ఒరేయ్, నీకు తెలుస్తుంది కదా, చూసి చెప్పరా" అన్నాడు. నాకు తెలుస్తుంది మరి. స్పేరు పార్టుల కొట్లో కౌంటరు మీద నా జుట్టు తెల్లబడింది. కస్టమరు పార్టు పేరు చెప్పక్కర్లేదు, చప్పుడు చేసి చూపిస్తే చాలు, ఏ బేరింగు పోయిందో చెప్తానని ఊళ్ళో పేరు. నేను ఒంగాను. వేలు ముంచాను. బొటనవేలితో కలిపి రుద్దాను, వెలుతురుకి పెట్టి చూశాను, వాసన కూడా చూశాను. డాక్టరు నాడి చూసినట్టు చూశాను. కొత్త ఆయిలు. తేనె రంగు. నిన్న నా చేత్తో నేను పోసిందే. డీజిలు బండి ఆయిలు అలా ఉండదు, పోసిన కొన్నాళ్ళకే బొగ్గులా అయిపోతుంది, ఆ వ్యానులో పాత ఆయిలుందని కూడా నాకు తెలుసు, డబ్బా అమ్మిందే నేను. అన్నీ తెలిసి, లేచి, వేలు లుంగీకి తుడుచుకుని, "ఊ, అలాగే ఉంది" అన్నాను. అలాగే ఉంది అంటే అబద్ధం కూడా కాదులే అనుకున్నా ఆ క్షణంలో. ఎలా ఉందో చెప్పలేదుగా. ఇలాంటి లెక్కలు మనసు ఎంత గబగబా వేస్తుందో. అన్నయ్య అప్పుడే, "సాయంత్రానికి వాడితో తేల్చేస్తాను, గది ఖాళీ చెయ్యమంటాను. నువ్వు ఇదంతా కడిగించు, ఇంకెవరైనా పడతారు" అని ఆటో ఎక్కేశాడు. ఎక్కేముందు నా భుజం తట్టాడు.

ఆ తట్టిన చోట ఇప్పుడు నొప్పిగా ఉంది, రుద్ది రుద్దీ కాబోలు. నడుం కూడా పట్టేస్తోంది. గీత సగం దాకా పోయింది. కారు కిందకి మాత్రం వంగి చూడలేదు. అట్టపెట్టె ఒకటి చించి కాలితో లోపలికి తోసేశాను, అంతే. ఎక్కణ్ణించి కారుతోందో చూస్తే నిజమైపోతుంది, చూడకపోతే ఇంకా ఏదో ఒకటి అనుకోవచ్చు, డబ్బా పోసేటప్పుడు ఒలికిందనో, ఇంజను సీలు అరిగిపోయిందనో. అసలు ఆయిలు మార్చమని నన్నెవరు అడిగారు? వదినే అడిగింది. నిజంగా. మొన్న భోజనాల దగ్గర, "ఆయిలు అమ్మేది నువ్వే, నీ కారుకి మార్చడానికి మాత్రం ఇంకోడు రావాలి. నీ చేతులు కౌంటరు గుడ్డతో తుడుచుకోవడానికేనా అబ్బాయ్?" అంది. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. యాభై దాటినా నన్ను అబ్బాయ్ అనే పిలిచేది ఆవిడొక్కతే. అందుకే నిన్న పట్టుదలగా మార్చాను, మార్చి నల్లచేతులతో ఫొటో తీయించుకుని మా గ్రూపులో పెట్టాను, సొంత పనికి సిగ్గేంటి మిత్రులారా అని. లైకులు వర్షంలా పడ్డాయి. ఆ వర్షంలో తడుస్తూ కూర్చున్నా నేను, కింద బండి కారుతుంటే. ఛీ, చూడండి, ఎటు తిప్పి ఎటు తెచ్చానో. చెయ్యి విరగ్గొట్టుకున్న మనిషి మీదకే తోసేశాను తప్పు. నువ్వు అనకపోతే నేను మార్చేవాణ్ణి కాదు, నేను మార్చకపోతే నువ్వు పడేదానివి కాదు వదినా. ఈ బ్రష్షుతో ముందు నా బుర్ర రుద్దాలి.

ఆవిడ ఈ ఇంటికొచ్చినప్పుడు నాకింకా మీసం రాలేదు. చదువు ఎక్కట్లేదని అందరూ మొట్టేవాళ్ళే. వదిన మాత్రం వచ్చినవాళ్ళందరికీ, "మా మరిదికి లెక్కలు రావేమో కానీ మనసు వెన్న. ఎవరికీ కీడు చెయ్యలేడు" అని చెప్పేది. ఎవరూ అడక్కుండానే చెప్పేది. కుట్టుమిషను తొక్కుతూ, నోట్లో గుండుసూదులు పెట్టుకుని మరీ చెప్పేది. ఆవిడ చెప్పీ చెప్పీ అదే నా పేరైపోయింది. కొట్లో కుర్చీ కూడా ఆ పేరు మీదే వచ్చింది, ఓనరు అన్నాడు, చదువు సంగతి వదిలెయ్, నమ్మకస్తుడివని విన్నా, కూర్చో అని. అంటే నేను మంచివాణ్ణి అయ్యానా, లేకపోతే ఆవిడ నన్ను అలా కుట్టి ఇస్తే ఇన్నేళ్ళూ తొడుక్కుని తిరిగానా? ఆ కుట్టిన చెయ్యే ఇప్పుడు... కర్టెన్లు కుడుతుంది ఆవిడ ఇప్పుడు, ఒక షాపువాళ్ళకి. గది నిండా సగం కుట్టిన గుడ్డ ఉంది. మిషను మీద కూడా ఒకటి ఉంది, సూది దాని మీద దిగి ఉన్నట్టే ఉంది, ఇందాక నీళ్ళకోసం వెళ్తూ చూశాను, చూసి తలుపు దగ్గరికి వేశాను.

"బాబాయ్ గారూ!"

ఉలిక్కిపడ్డాను. మెట్ల మీద డ్రైవరు భార్య. చేతిలో ఆవిర్లు కక్కుతున్న బకెట్టు. ఆరో నెల ఆ అమ్మాయికి. మెట్టు మెట్టుకీ ఆగి, బకెట్టు కింద పెట్టి, మళ్ళీ ఎత్తుకుని దిగుతోంది. "అమ్మాయ్, అక్కడే ఆగు! కిందకి దిగకు!" అని అరిచాను, అరుపు నాకే గట్టిగా వినపడింది. పరిగెత్తుకెళ్ళి బకెట్టు అందుకున్నాను. ఈ అమ్మాయి రోజూ గేటు దాకా వస్తుంది, పాలవాడి దగ్గరికి. వదిన కంటే కాస్త ఆలస్యంగా వస్తుంది. కాస్తే. అటు ఆలోచించకు, అటు వెళ్ళకు.

"చన్నీళ్ళకి పోదంట బాబాయ్ గారూ, మరిగే నీళ్ళు పొయ్యాలంట. మా ఆయన ఫోన్లో చెప్పారు. పెద్దమ్మగారికి ఎలా ఉంది?"

"కట్టు కడుతున్నారంటమ్మా. నువ్వు పైకెళ్ళు."

"మాకు చాలా సిగ్గుగా ఉంది బాబాయ్ గారూ. పెద్దాయన ఫోన్ చేసి తిట్టారంట. ఈయన బండి ఆపి కిందకి దూరి చూశారంట, ఏమీ కనపడలేదంట. కానీ బాబాయ్ చూసి చెప్పారు కదా, ఆయన చెప్తే ఇక తిరుగులేదు, ఎక్కడో కారుతూనే ఉండుంటుంది అంటున్నారు." కొంగుతో మొహం తుడుచుకుంది. "మిమ్మల్ని ఒంగి రుద్దొద్దన్నారు, నడుం పట్టేస్తుందంట. తనొచ్చి కడుగుతారంట."

నేనేమన్నాను? "పర్లేదమ్మా" అన్నాను. పర్లేదంట! క్షమించేసినట్టు. ఆ అమ్మాయి కళ్ళల్లో అదే కనపడింది, బాబాయ్ గారు పెద్ద మనసుతో పర్లేదన్నారు అని. రెయిలింగు పట్టుకుని పైకెళ్ళిపోయింది. ఈ గది దొరకడానికి వాళ్ళు ఎంత తిరిగారో నాకు తెలుసు. గది దొరికిన చోట బండి లోపల పెట్టనివ్వరు, బండి పెట్టనిచ్చిన చోట బడికి దూరం. రోడ్డు మీద పెడితే అద్దాలు పగలగొడుతున్నారని అతను మా కౌంటరు దగ్గర వచ్చి చెప్పుకుంటే, మా ఇంటికి రావయ్యా అని తీసుకొచ్చింది నేనే. అన్నయ్య ఒప్పుకోలేదు, స్కూలు వ్యాను అంటే గోల అన్నాడు. వదిన ఒప్పించింది. అతను వచ్చాక గోల ఏమీ లేదు, మనిషి గట్టిగా నాలుగు మాటలు మాట్లాడితే విశేషం. "బాబాయ్, పవరు పోయింది, మీకూ పోయిందా?" అంటాడు, "బాబాయ్, బ్రేకు ప్యాడ్లు వచ్చాయా?" అంటాడు. నాకు అన్నయ్య కొడుకులున్నారు, ఎప్పుడైనా ఎదురుపడితే తలూపుతారు. ఇతను పిలిచినట్టు బాబాయ్ అని ఎవరూ పిలవలేదు. ఆ మాట ఊరికే అనేది కాదు, ఎదురుగా కుర్చీ వేసినట్టుంటుంది.

మరిగే నీళ్ళు పోశాను. గీత మొత్తం పోయింది. షెడ్డు నుంచి గేటు దాకా తారు కొత్తగా, నల్లగా, అమాయకంగా ఉంది. ఇక గేటు దగ్గర మరక. రంపపు పొట్టు ఓ గోనెడు చల్లి ఉంచాను ఇందాకే, ఆయిలు పీల్చుకుంటుందని. ఊడ్చేస్తే పొట్టు పసుపు పచ్చగా, నానిన అటుకుల్లా వచ్చింది. ఆ రంగు చూస్తే అతనికి క్షణం పట్టదు. రోజూ తన బండిలో ఆయిలు కొలిచే డిప్‌స్టిక్కు తీసి చూసుకునే మనిషి. ఈ పసుపు తనది కాదని చూడగానే తెలుస్తుంది. సంచిలో కుక్కి, మూతి కట్టి, పక్క వీధి చెత్తకుండీలో పడేసి వచ్చాను, అటూ ఇటూ చూసుకుంటూ. మనిషిని చంపినవాడు కూడా అలాగే నడుస్తాడేమో. అయినా మరక పోలేదు. పల్లంలో నీడలాగా ఉండిపోయింది, తడిగా మెరుస్తూ.

ఫోను మోగింది. అతనే.

"బాబాయ్, నేను. పిల్లల్ని దింపేశాను. ఆసుపత్రికి వెళ్ళి పెద్దమ్మని చూసొచ్చాను."

"వెళ్ళావా?"

"పెద్దాయన లోపలికి రానివ్వలేదు. గుమ్మం దగ్గర్నుంచే చూశా. నెలాఖరుకి ఖాళీ చెయ్యమన్నారు బాబాయ్." వెనకాల బస్సు హారన్లు. "మీరేం అనకండి పెద్దాయన్ని. కోపంలో న్యాయం ఉంది. బండి నాది, నేను చూసుకోవాలి. మా దానికి మాత్రం ఇప్పుడే చెప్పకండి, నేను చెప్తాను."

ఇప్పుడు చెప్పొచ్చు. ఇప్పుడు చెప్పడం తేలిక. ఎదురుగా మనిషి లేడు, మొహం చూడక్కర్లేదు, అబ్బాయ్ అది నాది రా అంటే సరిపోతుంది. నోరు తెరిచాను కూడా. "ఎండలో తిరగకు" అన్నాను. ఎండలో తిరగకు! పెట్టేశాడు. ఫోను అద్దం మీద నా వేలి నూనె ముద్ర. కింద గ్రూపులోంచి మెసేజీలు, నిన్న నా ఫొటో కింద ఎవరో అడిగారు, గురువుగారూ, తారు మీద ఆయిలు మరకలు పడితే ఎలా పోతాయి అని. నేను నిన్న రాత్రే జవాబిచ్చాను. కిరోసిన్ పోసి ఓ పావుగంట ఉంచి రుద్దండి, కడిగిన ముత్యంలా వస్తుంది అని. నేనెప్పుడూ చెయ్యలేదు. ఎక్కడో విన్నాను, విన్నది చెప్పాను, చెప్తే బొటనవేళ్ళు లేచాయి, అంతే. ఒకాయన మాత్రం, దాంతో తారు కరగదా అండీ అని అడిగాడు. ఆయనకి నవ్వే బొమ్మ ఒకటి పెట్టాను. నా జీవితం మొత్తం ఆ నవ్వే బొమ్మలా ఉంది, అడిగినవాడు కరెక్టు, నవ్వినవాణ్ణి నేను.

సరే చూద్దాం అని కిరోసిన్ తెచ్చాను, పాత సీసాలో ఉంది. పోశాను. మరక మీద గుండ్రంగా పోశాను. వాసన ముక్కు పట్టేసింది. ముందు అద్భుతంగా పని చేసింది, మెరుపు పోయింది, నీడ పోయింది, నల్లగా ఒకే రంగుకి వచ్చేసింది. అబ్బ అనుకున్నా. బ్రష్షు వేసి రుద్దాను. బ్రష్షు కదల్లేదు. లాగాను. జీడిపాకంలా సాగింది. ఆయిలు కాదు, తారు. తారే కరిగి, కంకర రాళ్ళు ఒక్కొక్కటీ ఊడి బ్రష్షుకి అతుక్కుని పళ్ళు పీకినట్టు వస్తున్నాయి. అక్కడ ఆపేస్తే సరిపోయేది. ఆపలేదు. కరిగింది తీసేస్తే కింద గట్టిది వస్తుందనుకుని ఇంకా రుద్దాను, కిరోసిన్ ఇంకా లోపలికి దిగింది, ఇంకా మెత్తబడింది. పళ్ళెమంత గుంట పడింది. మోకాళ్ళకి తారు, ముంజేతులకి తారు, లుంగీ అంచు అతుక్కుపోయి లాగితే చిరిగింది. అక్కడ కూర్చున్నాను. నిజంగా కూర్చుండిపోయాను ఆ గుంట పక్కన, నడినెత్తిన ఎండ. మరక అయితే ఎప్పటికైనా పోయేదేమో, వానలకి, ఎండలకి. ఇప్పుడు ఇది పోదు. కానీ దీన్ని కూడా ఎవరూ నా మీద వెయ్యరు, అదీ నాకు తెలుసు. వ్యాను ఆయిలు ఎంత పాడుదో చూడండి, తారు కూడా తినేసింది అంటారు. నేనే చెప్పక్కర్లేదు, వాళ్ళే అనుకుంటారు. నేను ఊ అంటే చాలు.

ఆటో వచ్చింది. మా ఆవిడ ముందు దిగింది, తర్వాత వదిన, మోచెయ్యి దాకా తెల్లటి కట్టుతో. అన్నయ్య మందుల సంచి పట్టుకుని వెనకాల. వదిన మొహం వాడిపోయి ఉంది కానీ నన్ను చూడగానే, "ఇదేం అవతారం అబ్బాయ్, తారు డబ్బాలో పడ్డావా? ఇద్దరం కలిసి పడాల్సింది, ఆటో ఖర్చు కలిసొచ్చేది" అంది. మా ఆవిడ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. వదిన అరుగు మీద కూర్చుని, ఊపిరి తీసుకుని, అన్నయ్యతో, "మీరు ఆ పిల్లాణ్ణి ఖాళీ చెయ్యమనడం నాకు నచ్చలేదు. పైన అమ్మాయి అసలే వట్టి మనిషి కాదు. బండన్నాక కారదా" అంది.

"కారితే చూసుకోవాలి. పడింది నువ్వు కాబట్టి చెయ్యి విరిగింది, ఆ అమ్మాయే పడుంటే?" అన్నాడు అన్నయ్య. "ఇందులో నా మాట ఏముంది, మన వాడే చూసి చెప్పాడు. వీడి కన్నా తెలిసినవాడెవడు?"

వదిన నా వైపు చూసింది. ఊరికే చూసింది, సరే నువ్వు చెప్పావంటే సరేలే అన్నట్టు. అప్పటికప్పుడే నమ్మేసింది. కొట్లో కుర్చీ, ఈ ఇంట్లో చోటు, అన్నీ ఆ చూపు మీదే కట్టుకున్నాను.

"అన్నయ్యా, అది నా కారుది" అన్నాను.

అన్నయ్య సంచి మా ఆవిడకిచ్చాడు. "నాకు తెలుసురా, ఇదిగో ఇలా అంటావని దారిలోనే అనుకున్నా" అన్నాడు. "వాణ్ణి తెచ్చి పెట్టింది నువ్వు. నీకు జాలి. వాడు ఫోన్ చేసుంటాడు, నీ మనసు కరిగిపోయుంటుంది. ఊరుకో."

"జాలి కాదు. నిన్న నేను ఆయిలు మార్చాను. రాత్రి కారి ఇక్కడికి వచ్చింది."

"ఎక్కణ్ణించి ఎక్కడికి వచ్చింది? చూపించు."

షెడ్డు నుంచి గేటు దాకా చూశాను. నల్లగా, ఒక్క చార కూడా లేకుండా ఉంది. ఎంత బాగా కడిగాను. పొట్టు కూడా లేదు. నేను చేసిన పనుల్లో ఇంత శుభ్రంగా ఏదీ చెయ్యలేదు. "ఉండేది, కడిగేశాను" అన్నాను, ఆ మాట నాకే అతుకులబొంతలా వినపడింది. అన్నయ్య వదినతో, "చూశావా మీ మరిది" అన్నాడు, దాదాపు ముద్దుగా.

అప్పుడే వ్యాను వచ్చి గేటు బయట ఆగింది. లోపలికి తేలేదు. రోడ్డు వారగా పెట్టి, దిగి, చెప్పులు గేటు దగ్గరే వదిలేసి వచ్చాడతను. వదిన ముందు నిలబడి, "పెద్దమ్మా, నా వల్ల..." అని ఆగిపోయాడు. మెట్ల పైన అతని భార్య వచ్చి నిలబడింది. వాళ్ళిద్దరూ ఒకళ్ళనొకళ్ళు చూసుకున్నారు. ఆ అమ్మాయికి అతను చెప్పక్కర్లేకుండానే అర్థమైపోయినట్టుంది, రెయిలింగు మీద చెయ్యి వేసింది.

"నీ వల్ల కాదు" అన్నాను. "అబ్బాయ్, ఇటు చూడు. నీ బండిది కాదు. నాది. పొద్దున అన్నయ్య అడిగినప్పుడు నాకు తెలుసు. తెలిసే నీదన్నాను."

అతను నవ్వాడు, అలసిపోయిన నవ్వు. "ఊరుకోండి బాబాయ్. నా కోసం మీరెందుకు మాట పడతారు. గది ఇంకోటి చూసుకుంటాంలే."

ఇతనూ నమ్మలేదు. అందరూ నా వైపు చూస్తున్నారు, మంచివాడు మంచితనం చేస్తుంటే చూసినట్టు. వదిలెయ్యొచ్చు ఇక్కడ. చెప్పాను కదా, నమ్మకపోతే నేనేం చెయ్యను అని లోపలికెళ్ళి స్నానం చెయ్యొచ్చు. చెప్పిన పుణ్యం నాకు, గది పోవడం అతనికి. అలా ఒక్క క్షణం అనుకున్నాను కూడా, ఇప్పుడు దాచుకోవడం ఎందుకు, ఆ ఒక్క క్షణం ఎంత చల్లగా ఉందో.

"అయితే నా కారు కిందకి దూరి చూడు" అన్నాను. "నేను చూడలేదు. భయపడి చూడలేదు. నువ్వు చూడు."

నా గొంతులో ఏం వినపడిందో, అతని మొహంలో నవ్వు ఆగిపోయింది. షెడ్డు వైపు నడిచాడు. అన్నయ్య వెనకాల వెళ్ళాడు. అతను వెల్లకిలా పడుకుని కారు కిందకి జరిగాడు, మోకాళ్ళ నుంచి కిందకే కనపడుతున్నాడు, మడమలు పగిలి ఉన్నాయి. నేను తోసిన అట్టని బయటికి లాగాడు. అట్ట మొత్తం నానిపోయి ఉంది, పసుపు పచ్చగా. అన్నయ్య దాన్ని చూశాడు. తర్వాత ఇనుము తిరిగిన చిన్న చప్పుడు.

"ఆయిలు బోల్టు వేళ్ళతోనే తిరుగుతోంది" అని కింద నుంచి అన్నాడు, ఎవరితోనూ కాదు.

బయటికి వచ్చి కూర్చున్నాడు. చూపుడు వేలి మీద తేనె రంగు బొట్టు. దాన్ని చూశాడు, గేటు దగ్గర నేను తవ్విన గుంట వంక చూశాడు, కడిగిన తారంతా చూశాడు, ఆ చివర నుంచి ఈ చివర దాకా. ఏది ముందు కడిగానో, ఎందుకు కడిగానో, అతనికి ఒకరు చెప్పక్కర్లేదు. తర్వాత మెట్ల మీద భార్య వంక చూశాడు, ఇందాక ఆ మెట్లు బకెట్టుతో దిగిన మనిషి వంక. వేలు తన చొక్కాకే తుడుచుకున్నాడు. వదిన తల తిప్పుకుని కట్టు మీద దారప్పోగు ఏదో ఎడం చేత్తో పీకుతోంది, ఎంతకీ రాదు అది. తిడుతుందనుకున్నా. తిట్టలేదు.

"బోల్టు కింద వాషరు వెయ్యలేదు" అన్నాడతను, లేచి. "కొత్తది వేసి స్పానరుతో బిగించాలి సార్."

కౌంటరు దగ్గర అందరూ సార్ అనే అంటారు, ఆ అలవాటులో వచ్చిందేమో అనుకున్నాను. అన్నయ్య గబగబా వెళ్ళి గేటు రెండో రెక్క కూడా తీశాడు, "బండి లోపల పెట్టుకోవయ్యా, ఎండలో ఎందుకు" అన్నాడు, మొహం చూపించకుండా. అతను చెప్పులు వేసుకుని వెళ్ళి బండెక్కాడు. వెనక్కి తెస్తున్నాడు, మెత్తబడ్డ తారు మీద చక్రం పడకుండా తల బయటికి పెట్టి చూసుకుంటూ, చాలా నెమ్మదిగా. నేను గుంట పక్కనే నిలబడి ఉన్నాను, చేతిలో ఇంకా ఆ బ్రష్షు. బండి ఆపాడు. కిటికీలోంచి నా వైపు చూశాడు, కోపం ఏమీ లేదు, కౌంటరు అవతల ఎవరో నిలబడి చూసినట్టు చూశాడు.

"కొంచెం పక్కకి జరగండి సార్" అన్నాడు.

జరిగాను.